మణికట్టు నుంచి గుండెకు: ధమని దారి మెలిక పడితే?

ఈ మధ్యకాలంలో విద్యానగర్‌లోని మా వైద్యశాలకు వచ్చే హృద్రోగులలో చాలామందికి కుడి మణికట్టు మీద, బొటనవేలి మొదలుకు కాస్త ఎగువన, ఆవగింజంత మచ్చ కనిపిస్తున్నది. "ఇక్కణ్ణుంచే గొట్టం పంపి గుండె ఫోటో తీశారండీ" అని చేయి చాపి చూపిస్తారు. ఒకప్పుడు ఇదే పరీక్షకు గజ్జలోని పెద్ద ధమనిని గుచ్చి, ఆ తరువాత గంటల తరబడి రోగిని కాలు కదపనీయకుండా వెల్లకిలా పడుకోబెట్టేవారు. నడుము నొప్పి, మూత్రానికి లేవలేని అవస్థ, ఒక్కొక్కసారి గుచ్చినచోట లోలోపల రక్తస్రావం. మణికట్టు గుండా పరీక్ష జరిగినవారు కొద్దిసేపటికే లేచి కూర్చుని తమ ఇడ్లీ తామే తింటున్నారు. సంతోషించదగిన మార్పు.

అయితే ఈ సౌకర్యంతోపాటు ఒక కొత్త భయం కూడా మన ఇళ్లలో ప్రవేశించింది. "చేతిలో నరం మెలికపడి ఉందట. గొట్టం పోలేదట. చివరకు కాలిలోనుంచి చేశారు. డాక్టరుగారికి చేతకాలేదంటారా? లేక మావారి నరాల్లోనే ఏదైనా జబ్బుందంటారా?" నల్లకుంట నుంచి, అడిక్‌మెట్ నుంచి, శివం రోడ్డు నుంచి వచ్చే గృహిణులు నన్ను తరచు అడిగే ప్రశ్న ఇది. శివం రోడ్డు వైపున నివసించే ఒక కుటుంబంవారు, తమ తల్లిగారికి చేతి గుండా సాధ్యపడలేదని తెలియగానే, మిగిలిన చికిత్స ఆపించి వేరే ఆసుపత్రికి తరలించే ఆలోచనలో నాకు ఫోను చేశారు. ఆవిడకు అప్పటికే ఛాతీనొప్పి మొదలై కొన్ని గంటలైంది. గుండెపోటులో ప్రతి నిమిషానికీ గుండె కండరం కొంత నశిస్తూ ఉంటుంది. కదిలించవద్దని, ఆ వైద్యులు చెప్పిన దారినే సాగనివ్వమని గట్టిగా చెప్పాను. గజ్జ గుండానే స్టెంటు అమర్చారు. ఆమె ఇప్పుడు కులాసాగా ఉన్నారు.

ఆయుర్వేద వైద్యునికి ఈ విషయంతో ఏమి పని అని పాఠకులు అడగవచ్చు. ఆధునిక వైద్యులు సూది గుచ్చే ధమని, మేము మూడు వేళ్లు ఆనించి నాడి చూసే ధమని, రెండూ ఒకటే. శార్ఙ్గధరుడు దానిని జీవసాక్షిణి అన్నాడు. మన బసవరాజీయం నాడీపరీక్షకు పెద్దపీట వేసింది. యోగరత్నాకరం చెప్పిన ఎనిమిది పరీక్షలలో మొదటిది నాడియే. నలభై ఏళ్లకు పైగా ప్రతిదినమూ ఈ ధమనిని తాకుతున్నవాడిగా దాని పోకడ గురించి చెప్పే అర్హత నాకు కొంత ఉన్నదనుకుంటున్నాను.

నాడి ఉండే చోటు

గురుకులంలో మా గురువుగారు మొదటి సంవత్సరమంతా వాత, పిత్త, కఫ నాడుల భేదం చెప్పమని మమ్మల్ని అడగలేదు. వచ్చిన ప్రతి రోగికీ నాడి ఎక్కడ దొరికిందో, ఎంత లోతున దొరికిందో మాత్రమే చెప్పమనేవారు. పాము నడక, కప్ప గంతు, హంస గతి తెలుసుకోవడం ఆ తరువాతి మాట. ఆ శిక్షణ విలువ నాకు కాలక్రమాన తెలిసివచ్చింది. కొందరికి నాడి చర్మం కిందనే చిక్కుడుతీగలా తగులుతుంది. కొందరికి దారమంత సన్నం. మరికొందరికి మామూలు చోట ఏమీ తగలదు. వేళ్లను బొటనవేలి వెనుక, చేతి పైభాగాన ఏర్పడే చిన్న గుంట వైపు జరిపితే అక్కడ ధమని చక్కగా కొట్టుకుంటూ ఉంటుంది. అది జబ్బు కాదు, పుట్టుకతో వచ్చిన తీరు.

ఈ ధమనికి ఆధునికులు పెట్టిన పేరు రేడియల్. భుజం నుంచి వచ్చే పెద్ద ధమని సాధారణంగా మోచేతి వద్ద రెండుగా చీలుతుంది. బొటనవేలి వైపు వచ్చేది రేడియల్, చిటికెనవేలి వైపు వచ్చేది అల్నార్. అరచేతిలో ఈ రెండూ విల్లులా వంగి కలుసుకుంటాయి. ఒకటి మూసుకుపోయినా చాలామందికి రెండవది చేతిని పోషిస్తుంది. మణికట్టు దారి సురక్షితం కావడానికి ప్రధాన కారణం ఇదే. పైగా ఇక్కడ ధమని ఎముక మీద ఆనుకుని ఉంటుంది కాబట్టి వేలితో నొక్కితే రక్తం ఆగుతుంది. గజ్జలో లోతుగా ఉండే ధమనికి ఆ వీలు లేదు.

రేడియల్ లోపలి వెడల్పు చాలామందిలో రెండున్నర మిల్లీమీటర్ల దరిదాపుల్లో ఉంటుంది. స్త్రీలలో ఇంకా తక్కువ. దానిలోనుంచి పంపే గొట్టం మందం 5 ఫ్రెంచి రకమైతే 1.67 మిల్లీమీటర్లు, 6 ఫ్రెంచి రకమైతే 2 మిల్లీమీటర్లు. మూడు ఫ్రెంచిలు ఒక మిల్లీమీటరని లెక్క. కంసాలి పనిలోవలె ఇక్కడ వెంట్రుకవాసి తేడా కూడా లెక్కకు వస్తుంది.

ఈ దారి ఎలా తెరుచుకున్నది?

1929లో జర్మనీలో వెర్నర్ ఫోర్స్‌మన్ అనే యువ వైద్యుడు తన మోచేతి సిరలో తానే గొట్టం దూర్చుకుని, దానిని గుండె దాకా పంపి, ఎక్స్‌రే గదికి తానే నడిచి వెళ్లాడు. ఆనాడు చీవాట్లు తిన్నాడు, 1956లో నోబెల్ బహుమతి అందుకున్నాడు. స్వీడన్‌లో స్టిగ్ రాడ్నర్ 1948లో రేడియల్ ధమని గుండా మహాధమని చిత్రాలు తీశాడు. తరువాత నలభై ఏళ్లపాటు ఈ దారిని పెద్దగా ఎవరూ పట్టించుకోలేదు. 1989లో కెనడాలోని మాంట్రియల్‌లో లూసియన్ కాంపో 100 మందికి మణికట్టు గుండా గుండె ధమనుల చిత్రాలు తీసి ఫలితాలు ప్రకటించాడు. 1992లో ఆమ్‌స్టర్‌డామ్‌లో ఫెర్డినాండ్ కీమెనై అదే దారిన చికిత్స కూడా చేయవచ్చునని నిరూపించాడు. ఇదే వైద్యుడు 2017లో, బొటనవేలి వెనుక గుంటలోనుంచి కూడా ప్రవేశించవచ్చునని చూపించాడు. మేము నాడి వెదుక్కుంటూ వెళ్లే ఆ గుంటనే నేడు యంత్రాల గదిలోనూ వాడుతున్నారని విన్నప్పుడు నాకు ముచ్చట వేసింది.

దారిలో అవరోధాలు

మొదటి అవరోధం ధమని ముడుచుకుపోవడం. రేడియల్ ధమని గోడలో కండరం హెచ్చు. నొప్పి, చలి, భయం, ఈ మూడింటికీ అది వెంటనే స్పందిస్తుంది. భయపడినప్పుడు రక్తంలోకి వెలువడే ద్రవ్యాలు ఈ ధమనిని బిగిస్తాయి. గొట్టాన్ని పాము పట్టినట్టు పట్టివేస్తుంది. అప్పుడు బలవంతంగా లాగితే రోగికి భరింపరాని నొప్పి, ధమనికి గాయం. భయము, శీతము వాతాన్ని ప్రకోపింపజేస్తాయని, వాతము సంకోచాన్ని కలిగిస్తుందని మేము చదువుకున్నాము. సుశ్రుతుడు సిరావ్యధకు, అనగా సిరను గుచ్చి రక్తం తీసే చికిత్సకు, పనికిరానివారిని పేర్కొంటూ ఆ జాబితాలో భీరువును కూడా చేర్చాడు. భయస్థుని శరీరం సూదికి అనుకూలించదని ఆయన ఆనాడే గమనించాడు. నేటి వైద్యులు నైట్రోగ్లిసరిన్, వెరాపమిల్ వంటి మందులను నేరుగా ధమనిలోకి ఎక్కించి దానిని సడలిస్తారు. నునుపైన పూత గల గొట్టాలు వాడతారు. అవసరమైతే మత్తు, నొప్పి తగ్గించే మందు ఇస్తారు. చేతిని వెచ్చగా ఉంచుతారు.

రెండవది, ధమని మోచేతి వద్ద కాక భుజం దగ్గరే చీలడం. అటువంటివారిలో రేడియల్ సన్నగా, పొడుగ్గా దిగివస్తుంది. సన్నని గొట్టంతో, ఓపికతో చాలావరకు పని జరుగుతుంది.

మూడవది అన్నిటికంటె కఠినమైనది, ధమని మోచేతి దగ్గర చుట్టలా తిరిగి ఉండటం. వైద్యులు దీనిని లూప్ అంటారు. బావిచేద తాడు ఒకచోట మెలి తిరిగినట్టు, ధమని పూర్తిగా ఒక చుట్టు చుట్టి మళ్లీ పైకి పోతుంది. పైగా ఆ చుట్టు కొస నుంచి తరచు ఒక సన్నని ధమని నిటారుగా పైకి పోతూ ఉంటుంది. తిన్నని దారి అదేనని తీగ అందులోకి దూరుతుంది. చూడకుండా తోస్తే అది చిట్లి ముంజేతిలో రక్తం గూడుకడుతుంది. అందుకే అనుభవజ్ఞుడైన వైద్యుడు తీగకు కొద్దిపాటి అడ్డు తగలగానే ఆగిపోతాడు. కాస్త రంగుమందు ఎక్కించి, దారి ఎలా ఉన్నదో తెరమీద చూసుకున్న తరువాతే కదులుతాడు. తల వెంట్రుకలా మెత్తగా వంగే సన్నని తీగను ఆ చుట్టు దాటిస్తాడు. తీగ పైదాకా పోయాక, గొట్టాన్ని నెమ్మదిగా లాగుతూ తిప్పితే చాలామందిలో ఆ చుట్టు విప్పుకుని తిన్నబడుతుంది.

తీగ పోయినా గొట్టం పోకపోవడం ఉన్నది. కారణం చిత్రమైనది. తీగ సన్నం, గొట్టం లావు. రెంటి మధ్య మెట్టులాంటి అంచు మిగులుతుంది. ఆ అంచు వంపులో ధమని గోడను కత్తిలా గీరుతుంది. ఈ చిక్కుకు ఉపాయం మన దేశం నుంచే వచ్చింది. అహ్మదాబాద్‌కు చెందిన తేజస్ పటేల్, అమెరికాలో ఉన్న సమీర్ పంచోలి తదితరులు సుమారు 2013-14 ప్రాంతంలో దీనిని వైద్యపత్రికలలో వివరించారు. గుండె ధమనిని వెడల్పు చేయడానికి వాడే చిన్న బెలూనును, సగం గొట్టం లోపల, సగం బయట ఉండేట్టు అమర్చి, తక్కువ వత్తిడితో ఉబ్బిస్తారు. గొట్టం మొన కోడిగుడ్డు కొసలా నున్నగా మారుతుంది. ఇక అంచు గీరుకోదు. బెలూను ముందు, గొట్టం వెనుక, రెండూ కలిసి వంపులను జారుతూ దాటిపోతాయి. పావడాకు బొందు ఎక్కించేటప్పుడు ఆడవారు బొందు కొసకు పిన్నీసు గుచ్చి తోస్తారు కదా. కొస విప్పారి ఉంటే కుట్టులో తట్టుకుంటుంది, పిన్నీసు ఉంటే జారిపోతుంది. సూత్రం అదే. ఇంతటి సులువైన ఆలోచన అంతటి ఇరుకైన దారికి పనికివచ్చింది.

నాల్గవ అవరోధం భుజం దాటాక వస్తుంది. వయసు మళ్లినవారిలో, ఏళ్ల తరబడి రక్తపోటు ఉన్నవారిలో, పొట్టిగా ఉండే స్త్రీలలో మెడ కింది పెద్ద ధమనులు వంకరలు పోతాయి. "గట్టిగా ఊపిరి పీల్చి బిగబట్టండమ్మా" అని వైద్యుడు చెప్పేది అందుకే. నిండుగా శ్వాస పీల్చినప్పుడు గుండె కిందికి దిగి ఆ వంపు కొంత సాగుతుంది, తీగకు దారి దొరుకుతుంది. ప్రాణాయామం అలవాటున్నవారికి ఈ ఒక్క క్షణంలో అది అక్కరకు వస్తుంది. నూటికి ఒకరికి కూడా లేని మరొక విశేషం, కుడిచేతి ధమని మహాధమని వంపు చివరనుంచి పుట్టి అన్నవాహిక వెనుకగా రావడం. అటువంటప్పుడు కుడిచేయి వదిలి ఎడమచేతికి మారడమే సుఖం.

దారి మార్చడం ఓటమి కాదు

ఇంగ్లండులో 1540 మందిని పరిశీలించి 2009లో ప్రకటించిన ఒక అధ్యయనంలో, నూటికి 13.8 మందికి రేడియల్ ధమనిలో ఏదో ఒక పుట్టుక వైచిత్రి కనిపించింది. అంటే ఏడుగురిలో ఒకరికి. పూర్తి చుట్టు ఉన్నవారు నూటికి 2.3. అటువంటివారిలో మూడింట ఒక వంతుకు పైగా, ఆ దారిన పని పూర్తి కాలేదు. ఏ వైచిత్రీ లేనివారిలో విఫలమైనది నూటికి ఒకటి కూడా లేదు. 2011లో వెలువడిన రైవల్ అనే పెద్ద పరిశోధనలో 7021 మంది పాల్గొన్నారు. మణికట్టుతో ఆరంభించినవారిలో నూటికి 7.6 మందికి మధ్యలో దారి మార్చవలసి వచ్చింది. అయినా గుచ్చినచోట వచ్చే పెద్ద ఉపద్రవాలు గజ్జ దారిలో నూటికి 3.7 ఉండగా మణికట్టు దారిలో 1.4 మాత్రమే.

ఈ అంకెలను దగ్గర పెట్టుకుని, నా దగ్గరకు వచ్చినవారికి నేను చెప్పేది ఇదే. మెలిక మీ నాన్నగారి జబ్బు కాదు, ఆయన పుట్టుక. మెలికను గుర్తించి ఆగిన వైద్యుడు చేతకానివాడు కాడు, చెయ్యి తెలిసినవాడు. పంతానికి పోయి తోసేవాడి గురించే దిగులు పడాలి. ఎడమచేయి ఉన్నది, అల్నార్ ధమని ఉన్నది, గజ్జ ఉండనే ఉన్నది.

ఇంటివారు చేయదగినవి

పరీక్షకు ముందే రెండు చేతుల నాడినీ తాకి చూపించమని వైద్యుని అడగండి. ఏదైనా చేతిలో నాడి మామూలు చోట దొరకదని మీ ఇంటి వైద్యుడు ఎప్పుడైనా చెప్పి ఉంటే ఆ మాట తప్పక చెప్పండి. మూత్రపిండాల జబ్బు ఉన్నవారు ముందుగానే తెలియజేయాలి. డయాలిసిస్‌కు ఆ చేతి రక్తనాళాలు అవసరపడవచ్చు కనుక వైద్యులు మణికట్టును సాధ్యమైనంతవరకు వదిలిపెడతారు.

స్త్రీలకు గాజుల విషయం పెద్ద సమస్య. ఆసుపత్రిలో హడావుడిగా గాజులు పగులగొట్టి తీయడం అశుభమని కలతపడి, ఆ కలతతోనే బల్లమీదికి ఎక్కుతారు. ముందురోజే ఇంట్లో సబ్బునీటితో మెల్లగా తీసి పసుపుకుంకుమల పెట్టెలో పెట్టుకోండి. మనసు నిమ్మళంగా ఉంటుంది. ఆ నిమ్మళం ధమనికి కూడా మంచిదని పైన చెప్పాను. పరీక్ష గది చాలా చల్లగా ఉంటుంది. చలివేస్తే దుప్పటి అడగడానికి మొహమాటపడవద్దు.

మా మందులు వాడుతున్నవారికి ఒక ముఖ్యమైన మాట. వెల్లుల్లి మాత్రలు, గుగ్గులు కలిసిన మందులు, పసుపు సారం మాత్రలు రక్తం గడ్డకట్టే గుణాన్ని మార్చవచ్చు. ఏమేమి వాడుతున్నారో కాగితం మీద రాసి హృద్రోగ నిపుణుని చేతిలో పెట్టండి. "ఆయుర్వేదమే కదా, చెప్పడమెందుకు" అనుకోవద్దు. స్టెంటు వేశాక ఇచ్చే ఆస్పిరిన్, క్లోపిడోగ్రెల్ మాత్రలను నా మాట మీద గాని, మరే ఆయుర్వేద వైద్యుని మాట మీద గాని మానవద్దు. తెల్లమద్ది చెక్క కషాయం తాగితే మూసుకున్న ధమని తెరుచుకుంటుందా అని వారానికి ఇద్దరైనా అడుగుతారు. అర్జునత్వక్కు హృద్యమని గ్రంథాలు చెప్పాయి, నేనూ వాడుతాను. పూర్తిగా పూడిపోయిన ధమనిని గుండెపోటు వేళ అది తెరుస్తుందని మాత్రం ఏ గ్రంథమూ చెప్పలేదు.

పరీక్ష తరువాత మణికట్టుకు గాలి నింపిన పట్టీ బిగిస్తారు. ఎంత గట్టిగా బిగిస్తే అంత మంచిదని కొందరు బంధువులు పైనుంచి అదిమి పట్టుకుంటారు. అది తప్పు. రక్తం బయటికి రాకుండా, లోపల ప్రవాహం ఆగకుండా ఉండేంత వత్తిడే కావాలి. పంచోలి బృందం 436 మందిపై చేసి 2008లో ప్రకటించిన పరిశీలనలో, ఇలా ప్రవాహాన్ని నిలిపి ఉంచినప్పుడు మరునాటికి ధమని మూసుకుపోయినవారు నూటికి 12 నుంచి 5కు తగ్గారు. వేళ్లు నీలంగా మారినా, తిమ్మిరెక్కినా నర్సుకు వెంటనే చెప్పండి. ఇంటికి వచ్చాక కొద్దిరోజులు ఆ చేత్తో నీళ్ల బకెట్టు ఎత్తరాదు, తడిబట్టలు పిండరాదు, రోట్లో దంచరాదు. గాయం మానేదాకా అక్కడ తైలమర్దనం వద్దు. మణిబంధం సుశ్రుతుడు చెప్పిన నూట ఏడు మర్మాలలో ఒకటి. అక్కడ దెబ్బ తగిలితే చేయి పట్టు తప్పుతుందని ఆయన హెచ్చరించాడు. రక్తం చిమ్మితే వేలితో నొక్కిపట్టి చేతిని ఎత్తి, ఆసుపత్రికి వెళ్లండి. ముంజేయి బిర్రుగా వాచి, వేళ్లు కదిలిస్తే ప్రాణం పోయేంత నొప్పి ఉంటే ఒక్క గంట కూడా ఆగరాదు.

కుడిచేతి నాడి దొరకకపోతే?

పురుషులకు కుడిచేతి నాడి చూడటం మా సంప్రదాయం. ఆంజియోగ్రామ్ చేయించుకున్న కొందరు మా వద్దకు వచ్చినప్పుడు కుడి మణికట్టున నాడి బొత్తిగా అందదు. చేయి వెచ్చగానే ఉంటుంది, వేళ్లు ఎర్రగానే ఉంటాయి, రోగికి ఏ బాధా ఉండదు. గుచ్చినచోట ధమని నిశ్శబ్దంగా మూసుకుపోయింది, అల్నార్ ధమని ఆ భారాన్ని తలకెత్తుకున్నది. సుమారు నూటికి ఐదుగురిలో ఇలా జరుగుతుందని అధ్యయనాలు చెబుతున్నాయి. కొందరిలో కొంతకాలానికి అదే తెరుచుకుంటుంది. నాడి అందలేదని ఏ వైద్యుడైనా మొహం మాడ్చుకుంటే బెంబేలు పడకండి. ఎడమచేయి చాపండి. యువవైద్యులకు కూడా నేను చెప్పేది, మణికట్టు మచ్చ చూడకుండా నాడి లేదని పలకవద్దని.

చేయి చల్లబడటం, పని చేస్తుంటే నొప్పి రావడం ఉంటే మాత్రం అది వేరే సంగతి. చికిత్స చేసిన వైద్యునికే చూపించాలి. ఆసుపత్రి నుంచి వచ్చేటప్పుడు ఇచ్చిన కాగితంలో ఏ చేయి వాడారో, లూప్ అనిగాని, వంకర అనిగాని, ధమని ముడుచుకున్నదనిగాని రాసి ఉన్నదేమో చదివించుకోండి. రాయకపోతే అడిగి రాయించుకోండి. ఆ కాగితాన్ని బియ్యం కార్డుతోపాటు బీరువాలో భద్రపరచండి. రెండవసారి గుండెనొప్పి వచ్చి అర్ధరాత్రి వేరే ఆసుపత్రికి పరుగెత్తవలసి వస్తే, అక్కడి వైద్యుడు ఆ ఒక్క పంక్తి చూసి నేరుగా మరో చేతికి మారతాడు.